జంటసెలవు తప్పిన నెల

ఆ ఊళ్లో వారాలు రెండు రకాలు. గట్టు మీద పనిచేసేవాళ్లది గట్టువారం: మూడు రోజులు పని, నాలుగో రోజు సెలవు. నది మీద పనిచేసేవాళ్లది నీటివారం: అయిదు రోజులు పడవలోనే తిండీ నిద్రా, ఆరో రోజు ఇంటికి. దర్జీలు, తాపీమేస్త్రీలు, బడిపంతుళ్లు, అచ్చాఫీసు వాళ్లు నాలుగు లెక్క. సరంగులు, జాలర్లు, తాళ్లు కట్టేవాళ్లు ఆరు లెక్క. అందరికీ ఒకటే వారం పెట్టుకోవచ్చు కదా అని కొత్తవాళ్లెవరైనా అడిగితే, నాలుగు రోజుల్లో ఎగువకి వెళ్లి రాగలిగే పడవ ఉంటే చూపించమంటారు.

ఒకే ఇంట్లో ఒకరిది గట్టు, ఒకరిది నీరు అయితే ఇద్దరికీ కలిసి సెలవు దొరికేది పన్నెండు రోజులకోసారి. దాన్ని జంటసెలవు అంటారు. నెలకి ముప్ఫయ్యారు రోజులు, అలాంటివి పది నెలలు. కాబట్టి ప్రతి నెలా పన్నెండున, ఇరవై నాలుగున, ముప్ఫయ్యారున జంటసెలవులు. పది నెలలూ అయ్యాక చివర్లో ఒక్క రోజు మిగిలిపోతుంది. అది ఏ నెలకీ చెందదు, ఏ వారంలోకీ రాదు, దానికి అంకె లేదు. దాని పేరు విడిరోజు. ఆ రోజు పడవలు కదలవు, దుకాణాలు తెరవరు, ఊరంతా మంచం దిగడానికి బద్ధకిస్తుంది. కొత్త క్యాలెండరు మొదటి గడిలో దానికి అంకెకి బదులు ఓ చిన్న పువ్వు వేస్తారు. మర్నాటి నుంచి రెండు వారాలూ మళ్లీ ఒకటితో మొదలు.

ఈ క్యాలెండరుని అచ్చాఫీసులో పేర్చేది తప్పులేనమ్మ. ఆమెకి అమ్మానాన్నా పెట్టిన పేరు ఒకటుంది గానీ, పంతొమ్మిదేళ్లుగా ఆమె పేర్చిన పేజీల్లో ఒక్క అక్షరం దొర్లలేదు కాబట్టి ఊరు ఆ పేరు మరిచిపోయి ఈ పేరు పెట్టుకుంది. అచ్చాఫీసు గోడ మీద, అక్షరాల అరలకి పైన, 'తప్పు లేని ఏళ్లు' అని రాసి, కింద సుద్దతో అంకె వేసేవాళ్లు. అక్కడ ఇరవై పడితే ఆ గదికంతటికీ ఆమే పెద్ద. పైకి మాత్రం 'ఆ అంకెలో ఏముందిలెండి' అనేది. కానీ రోజూ లోపలికి వస్తూ దాన్ని ఓసారి చూసుకోకపోతే ఆమెకి చెయ్యి ఆడేది కాదు. ప్రూఫులు చూసే ముసలాయన కూడా ఆమె పేజీ వచ్చిందంటే కళ్లద్దాలు పెట్టుకునే శ్రమ పడకుండా సంతకం గీకేసేవాడు.

ఆమె భర్త పెద్ద పడవకి సరంగు. పదకొండేళ్ల కాపురం. సెలవు రోజున పొద్దెక్కాక పడవ రేవుకి చేరుతుంది, దీపాల వేళకి ముందే మళ్లీ బయల్దేరుతుంది. ఆమె పనికి వెళ్లేది పడవ రాకముందు, తిరిగొచ్చేది పడవ వెళ్లాక. అంటే జంటసెలవు అయితే తప్ప ఒకరి మొహం ఒకరు చూసుకునే వీలు లేదు. అందుకని పొయ్యి పక్కన ఓ పలక వేలాడదీసుకున్నారు. కాపురం ముప్పాతిక వంతు దాని మీదే నడిచింది. 'వెనక తలుపు గడియ బిగించాను.' 'నీలం చొక్కాకి గుండీ కుట్టాను, గుంజకండి.' 'అమ్మ మోకాలి నూనె నిండుకుంది.' పలక మీద పట్టని సంగతులు అత్తగారు తన నోట్లో పట్టించుకుని, ఉప్పూ కారం కలిపి, ఎవరు ముందొస్తే వాళ్లకి వడ్డించేది.

గొడవ పోయినేడాది చివర్లో వచ్చింది. ఓ జంటసెలవు నాడు తప్పులేనమ్మ కొత్త క్యాలెండరు కాగితాలు ఇంటికి తెచ్చుకుని, వంటింటి బల్ల మీద పరిచి, పొద్దుటి నుంచి తల ఎత్తలేదు. సరంగు రెండుసార్లు దగ్గాడు. మూడుసార్లు లేచి నీళ్లు తాగాడు. మధ్యాహ్నానికి ఓపిక నశించింది.

"పన్నెండు రోజులకోసారి దొరికే మనిషివి. నాకంటే నీకు ఆ సీసం ముక్కలే ముద్దయితే చెప్పెయ్యి, ఓ పనైపోతుంది."

"అంత కష్టంగా ఉంటే ఇంటికి రావడం మానెయ్యండి."

అనేసి నాలిక కరుచుకుంది. అతను చెప్పులేసుకుని రేవు దాకా వెళ్లి, అక్కడ చేసే పనేమీ లేక తిరిగొచ్చాడు. ఆ తర్వాత వచ్చిన జంటసెలవుల్లో మాట్లాడుకున్నారు గానీ, ఉప్పు అందింది కదా, కట్టెలు తడవలేదు కదా, అంతవరకే. విడిరోజు కూడా అలాగే గడిచిపోయింది. ఇద్దరికీ మనసులో రాజీ పడాలనే ఉంది. ముందు ఎవరు నోరు తెరవాలన్న దగ్గరే బండి ఆగింది.

కొత్త ఏడాది మొదటి నెల అయిదో తేదీ సాయంత్రం ఆమె పని నుంచి వచ్చేసరికి పలక మీద భర్త రాత ఉంది. ఇదేమిటి, ఆయన రావలసింది రేపు కదా అనుకుంటూ దగ్గరికి వెళ్లింది. ఒకే ఒక్క మాట.

'చూశాను.'

ఏం చూశాడు? ఆమె చూపు పలక మీంచి పక్కనే మేకుకి తగిలించిన కొత్త క్యాలెండరు మీదికి పోయింది.

నీటివారం వరసలో పువ్వు పక్కనున్న మొదటి తేదీకి ఒకటి ఉండాల్సిన చోట రెండు ఉంది. అంటే విడిరోజుని కూడా వారంలో కలిపి లెక్కపెట్టేసింది. ఆరో తేదీన రావలసిన నీటిసెలవు అయిదునే వచ్చింది. తర్వాతది పదకొండున, ఆ తర్వాతది పదిహేడున, ఇరవై మూడున. అన్నీ బేసి తేదీలే. గట్టుసెలవులు నాలుగు, ఎనిమిది, పన్నెండు, అన్నీ సరి తేదీలే. ఆమె ఏడాది చివరి దాకా వేలు పెట్టి లెక్కపెట్టింది. ఎక్కడా రెండూ కలవలేదు. ఒక్కచోట కూడా.

ఏడాది పొడుగునా జంటసెలవే లేదు. రావడం మానెయ్యమని నోటితో అన్నమాట చేత్తో అచ్చువేసి, ఇంటింటికీ పంచిపెట్టినట్టయింది. కావాలని చేసిందని అనుకోక ఆయన మాత్రం ఇంకేమనుకుంటాడు? ఆమె పొయ్యి ముందు పీట మీద కూలబడిపోయింది.

"ఏమ్మాయ్, వంట ఈ నెల్లో మొదలెడతావా, వచ్చే నెల్లోనా?" అంది అత్తగారు లోపల్నుంచి.

తప్పు దిద్దే దారి లేకపోలేదు. అయితే ఆ దారి తేదీల కచేరీ మీదుగా పోతుంది. కచేరీ నియమం ఒకటే: అచ్చయిన తేదీయే తేదీ. అందులో తప్పుందని కచేరీ తనంతట తాను ఒప్పుకోదు. తప్పు చేసిన మనిషి మొదటి నెల ముప్ఫయ్యయిదో తేదీలోపు స్వయంగా వచ్చి 'నాదే' అని సంతకం పెడితే, అప్పుడు ఓ సవరణ చీటీ అచ్చువేసి ఊళ్లో ప్రతి క్యాలెండరు మీదా అంటిస్తారు. ఆ చీటీ మీద ఆ మనిషి పేరుంటుంది. ఏడాదంతా ప్రతి ఇంట్లో, వంటింట్లో, పడగ్గదిలో, మంగలి అద్దం పక్కన ఆ పేరు వేలాడుతుంది. ఎవరూ ముందుకి రాకపోతే ఏడాదంతా తప్పే ఒప్పు.

తప్పులేనమ్మ గోడ మీది పంతొమ్మిదిని తలుచుకుంది. రేపు వెళ్దాంలే అనుకుంది. మర్నాడూ అదే అనుకుంది.

పన్నెండో తేదీ రాగానే ఊరు ఊరంతా ముక్కున వేలేసుకుంది. గట్టు మీది ఆడవాళ్లు తలంట్లు పోసుకుని, పిల్లలకి ఉతికిన బట్టలు తొడిగి రేవులో నిలబడ్డారు. పడవలు రాలేదు. అవి నిన్ననే వచ్చి వెళ్లిపోయాయని రేవు కాపలాదారు చల్లగా చెప్పాడు. పక్కింటి దర్జీ వాకిట్లో నిలబడి క్యాలెండరుని తలకిందులుగా కూడా పట్టుకుని చూసింది; ఆమె మొగుడు సరంగు పడవలోనే తాళ్లు కడతాడు. ఊళ్లో సంతోషించినవాళ్లు లేకపోలేదు. మూడిళ్ల అవతల ఓ జాలరిని కట్టుకున్న బడిపంతులమ్మ, ఈ ఏడాది ఇల్లు ఎంత ప్రశాంతంగా ఉందో అంటూ పాడుకుంటూ తిరిగింది. కానీ తక్కిన ఇళ్లలో పిల్లలు నాన్నతో కలిసి సెలవు ఎప్పుడని అడుగుతుంటే చెప్పడానికి ఎవరి దగ్గరా తేదీ లేదు.

తప్పులేనమ్మ ఆ రోజు తలుపు వేసుకుని ఇంట్లోనే కూర్చుంది. సాయంత్రం పలక తుడిచి, పెద్ద ఉత్తరమే రాయబోయింది. మూడుసార్లు రాసి మూడుసార్లు చెరిపింది. చివరికి 'గొడుగు తలుపు వెనక ఉంది' అని రాసింది. పదిహేడున అతను 'తీసుకున్నాను' అని జవాబు రాసిపోయాడు. ఇరవై మూడున 'సరే' అని ఉంది. దేనికి సరేనో ఆమెకి అంతు చిక్కలేదు. ఇరవై తొమ్మిదిన ఏమీ లేదు. పలక మీద తడిచేత్తో తుడిచిన మరక ఒకటుంది, అంతే. ఆయనకి తన మీద మనసు విరిగిపోయిందని ఆమెకి ఖాయమైపోయింది. ఇక సంతకం పెట్టి, పరువు పోగొట్టుకుని, జంటసెలవు తెచ్చుకుని మాత్రం ఏం లాభం? వచ్చినాయన మూతి ముడుచుకుని గోడవైపు తిరిగి కూర్చుంటాడు. ఇలా తనకి తానే సర్దిచెప్పుకుంది. అందులో సగం నిజం, సగం పంతొమ్మిది మీది ఆశ.

ముప్ఫై నాలుగో తేదీ సాయంత్రం ఇంటికొచ్చేసరికి అత్తగారు గుమ్మంలోనే కాచుకుని ఉంది. మామూలుగా అయితే ముందు ఉపోద్ఘాతం, తర్వాత నిట్టూర్పు, ఆ తర్వాత అసలు సంగతి వస్తాయి. ఆ రోజు అవేవీ లేవు.

"వాణ్ని చుక్కాని దగ్గర్నుంచి తీసేశారంట. అడుగున చేరిన నీళ్లు తోడుతున్నాడంట నా కొడుకు."

"ఎవరన్నారు అత్తయ్యా?"

"పోయిన సెలవుకి పక్కింటి దర్జీ మొగుడు చెప్పిపోయాడంట. నెల్లాళ్ల నుంచీ అదే పనంట. మొన్నొచ్చినప్పుడు చేతులకి బొబ్బలు చూసి నేను అడిగితే, తాడు గుంజుకుందమ్మా అన్నాడు. నీకు చెప్పొద్దని ఒట్టు కూడా వేయించుకున్నాడు. ఎంతకని దాచను?"

"ఎందుకు తీసేశారు?"

"క్యాలెండరుకి నీటివారం లెక్క చీటీ ఏటా వాడేగా రాసిచ్చేది. అది తప్పు రాసిచ్చాను, తప్పు నాదేనని పడవలో అందరి ముందూ చెప్పాడంట. లెక్క రానివాడికి చుక్కాని ఎలా ఇస్తామన్నారంట వాళ్లు. రేపు కచేరీకి వెళ్లి సంతకం కూడా పెట్టొస్తాడంట."

తప్పులేనమ్మకి ఆ చీటీ బాగా గుర్తుంది. అందులో ఒక్క అంకె తప్పు లేదు.

మర్నాడు పొద్దున్నే అచ్చాఫీసుకి వెళ్లింది. అరల ముందు నిలబడింది గానీ వేళ్లు మొరాయించాయి. చీటీలు గుచ్చే మేకు దగ్గరికి వెళ్లి, పోయినేటి చీటీలన్నీ ఒక్కొక్కటే లాగి, భర్త రాసిచ్చింది పట్టుకుని, ఎప్రన్ అయినా విప్పకుండా బయటికి నడిచింది. పని వేళలో ఆమె ఆ గుమ్మం దాటడం అక్కడెవరూ ఎరగరు. ప్రూఫుల ముసలాయన మొదటిసారి కళ్లద్దాలు పెట్టుకుని మరీ చూశాడు.

తేదీల కచేరీలో గోడల నిండా పాత క్యాలెండర్లు, మధ్యలో ఎత్తయిన చెక్క బల్ల, దాని వెనక అధికారి. నోరు విప్పితే ముందు తేదీ చెప్పి తర్వాత సంగతి చెప్పడం ఆయన అలవాటు. బల్లకి ఇవతల, తలపాగా చేత్తో పట్టుకుని, ఆమె భర్త నిలబడి ఉన్నాడు. ఎదురుగా దస్తావేజు. చేతిలో కలం.

"ఆగండి!" అంది తప్పులేనమ్మ.

అతను వెనక్కి తిరిగాడు. విడిరోజు తర్వాత ముప్ఫై అయిదు రోజులకి ఇద్దరూ ఒకరినొకరు చూడటం అదే. బాగా చిక్కిపోయాడు. ఆమెకి ఏడుపు రావాల్సింది. దానికి బదులు అరికాలి మంట నెత్తికెక్కింది.

"మిమ్మల్నెవరు సంతకం పెట్టమన్నారు?"

"నువ్వు పనిలో ఉండాలి కదా, ఇక్కడేం చేస్తున్నావ్?"

"నా తప్పుకి మీరు నీళ్లు తోడతారా? నాతో ఒక్కమాట చెప్పారా? పలక ఉంది కదా, పలక!"

"అమ్మ చెప్పేసిందా? ఒట్టు వేయించుకున్నానే!"

"మొదటి నెల, ముప్ఫయ్యయిదో తేదీ," అన్నాడు అధికారి గొంతు సవరించుకుని. "ఈ కచేరీలో ఇప్పటివరకూ తప్పు నాది కాదని కొట్టుకున్నవాళ్లనే చూశాను. ఇద్దరూ కూర్చోండి. చీటీ మీద ఒక్క పేరుకే చోటుంది. తప్పెవరిది?"

"నాదండీ," అన్నారిద్దరూ.

తప్పులేనమ్మ చీటీ తీసి బల్ల మీద పెట్టింది. "ఇది ఈయన రాసిచ్చింది. చూడండి. విడిరోజు లెక్కలోకి రాదని అడుగున గీత కూడా గీశాడు."

"తర్వాత ఇంకో చీటీ ఇచ్చానండి," అన్నాడు సరంగు.

"ఏదీ?"

"నదిలో పడిపోయింది."

"ఇచ్చిన చీటీ నదిలో ఎలా పడిందయ్యా?"

సరంగు తలపాగా మడతలు లెక్కపెట్టసాగాడు. అబద్ధమాడటం అతనికి బొత్తిగా చేతకాదు. అయిదు రోజులు నీటి మీద చుక్కాని పట్టుకుని గడిపే మనిషికి అది అభ్యాసం అయ్యేదెక్కడ?

అధికారి ఆమెవైపు తిరిగాడు. "పంతొమ్మిదేళ్లు ఒక్క తప్పూ దొర్లని చెయ్యి ఇంత సులువైన చోట ఎలా తప్పిందమ్మా? దస్తావేజులో కారణం రాయాలి."

ఆమె ఎప్రన్ అంచు నలిపింది. ఆ కారణం ఆమెకి నెల్లాళ్లుగా తెలుసు. చెప్పడానికే సిగ్గు.

"గొడవపడ్డ మర్నాడు ఆ వరస పేర్చానండీ. ఈయన మళ్లీ ఎప్పుడొస్తాడా అని మనసులో లెక్కపెట్టుకుంటూనే పేర్చాను. మామూలుగా అయితే విడిరోజుని వదిలేసి మొదలెడతాను. కానీ ఆ రోజంతా ఈయన ఇంట్లోనే ఉంటాడు కదా. నాకు అదే మొదటిరోజు అనిపించింది. అక్కణ్నుంచే లెక్క మొదలెట్టేశాను. చెయ్యి దాని పని అది చేసుకుపోయింది."

అధికారి కలం సిరాలో ముంచి అలాగే పట్టుకుని కూర్చున్నాడు.

"నేను కోపంతో చేశావనుకున్నాను," అన్నాడు సరంగు మెల్లగా. "రావడం మానెయ్యమన్నావు కదా. అందుకే చేశావనుకున్నాను."

"అలా అనుకుని కూడా నా తప్పు మీ నెత్తినేసుకున్నారా?"

"మరి ఊరంతా నిన్ను అంటుంటే విని ఊరుకోవాలా?"

తప్పులేనమ్మ అతని చేతిలోంచి కలం లాక్కుంది. బొబ్బలు కట్టిన వేళ్లు ఒక్క క్షణం వదల్లేదు, తర్వాత వదిలాయి. ఆమె తన అసలు పేరు, అమ్మానాన్నా పెట్టింది, మొత్తం రాసి సంతకం పెట్టింది. రాయక చాలా ఏళ్లయిందేమో, చివరి అక్షరం దగ్గర కాస్త తడబడింది.

సవరణ ఆ మధ్యాహ్నమే అచ్చవ్వాలి. దాని ప్రకారం నీటిసెలవు ఒక రోజు తర్వాతికి జరుగుతుంది. అంటే పడవలవాళ్లకి ఇవాళా సెలవే, రేపు కూడా సెలవే. రేపు ముప్ఫయ్యారు కాబట్టి జంటసెలవు కూడాను. ఈ సంగతి రేవుకి చేరగానే పుట్టిన కేకలు అచ్చాఫీసు దాకా వినిపించాయి. చీటీ పేర్చడానికి ఇంకొకరిని పెడతానన్నాడు మేనేజరు మొహమాటంగా. ఆమె ఒప్పుకోలేదు. పేరు చిన్న అక్షరాల్లో వేసుకున్నా ఫర్లేదని చెవిలో వేశాడు. ఆమె పెద్ద అక్షరాల అర దగ్గరికే వెళ్లింది. తన పేరు తానే తలకిందులుగా పేర్చుకుంటూ ఉంటే, గోడ మీద ఎవరో పంతొమ్మిదిని తుడుస్తున్న చప్పుడు వినిపించింది. తల ఎత్తాలనుకుంది గానీ ఎత్తలేదు. ఈసారి ప్రూఫుల ముసలాయన కళ్లద్దాలు పెట్టుకుని, మూడుసార్లు చదివి మరీ సంతకం పెట్టాడు.

దీపాల వేళకి చేతులు కడుక్కుని బయటికి వచ్చింది. మెట్ల కింద సరంగు నిలబడి ఉన్నాడు. ఆ వేళకి అతను ఎన్నడూ గట్టు మీద ఉండి ఎరగడు. ఏ చేతిని ఎక్కడ పెట్టుకోవాలో తెలియనట్టు నిలబడ్డాడు.

"ఇంటికెళ్దామా?" అన్నాడు.

"పదండి."

అతను కుడివైపు అడుగేశాడు. ఆమె ఎడమవైపు తిరిగింది. ఇద్దరూ ఆగారు.

"ఇటు కాదా?" అన్నాడు.

పదకొండేళ్ల కాపురం. నదిలో ప్రతి సుడీ, ప్రతి మలుపూ కళ్లు మూసుకుని చెప్పగల మనిషికి, భార్య రోజూ పని నుంచి ఇంటికి ఏ దారిన నడిచి వస్తుందో తెలియదు. తెలిసే అవకాశం ఏ క్యాలెండరులోనూ లేకపోయింది. ఆమెకి అది ఇప్పుడే తట్టింది.

"ఇటండీ," అంది అతని చెయ్యి పట్టుకుని. "కొంచెం చుట్టు. కానీ ఎండ తగలదు."

అతను ప్రతి వాకిలీ చూసుకుంటూ, ప్రతి మలుపు దగ్గరా ఆగి అడుగుతూ నడిచాడు. ఈ అరుగు ఎవరిది, ఈ కుక్క కరుస్తుందా, వానొస్తే ఇక్కడ నీళ్లు నిలుస్తాయా అని. ఆమె ఒక్కొక్కటే చెప్పుకుంటూ వచ్చింది. రోజూ చకచకా నడిచి వచ్చే దారి అది. ఆ రోజు ఇల్లు చేరేసరికి బాగా చీకటి పడింది.